లక్నో గరీబు, మందమర్రి బొగ్గు

“బూబమ్మా, మొన్న మిలాద్‌కు మీ ఇంట్ల ఆడోల్లందరు కూసోని పాడిండ్రు గదా. అండ్ల ఒక పాటల బొగ్గు అని వచ్చిందట, మా అవ్వ చెప్పింది. భక్తి పాటల బొగ్గేంది? ఎవ్వలు రాసిండ్రు గది?”

ఎవ్వలు రాసిండ్రా? అడిగినవు గదా, ఇగ కూసో. ఒక్క మాటల తెగేది గాదు. ఫోను గా స్టూలు మీద పెట్టు, నా ఒళ్లె వద్దు, నేను చేతులు ఊపుకుంట మాట్లాడ్త, పడ్తది. రికాడు అయితుందా? నా దగ్గు గూడ వస్తదా అండ్ల? కాలేజిల సార్లు ఇంటె ఏమనుకుంటరు... సరే తియ్.

ముందుగాల్ల ఒకటి చెప్త. గవి దేవుని పాటలు గావు బిడ్డా. నాత్ అంటరు. మా నబీ సాబును, ప్రవక్తను, మెచ్చుకుంట పాడేటియి. ఆయన పుట్టిన పండుగే మిలాద్, ఆ నెలల మొగోల్లు మసీదుకాడ జలుసా, అదే సభ, పెడ్తరు, మైకు, జెండాలు, అంత వాల్లదే. ఆడోల్లం పగటీలి నమాజు అయినంక ఎవలింట్లనన్న జమ అయి పాడుకుంటం. మైకు లేదు ఏం లేదు. కాని ఏడ్సుడు మాత్రం మా దిక్కే ఎక్కువ.

నేను పెండ్లయి మందమర్రికి వచ్చినప్పుడు పదారో పదిహేడో. మా అవ్వగారిది మంచిర్యాల, తెలుగు బడిల అయిదు దాక చదివిన. ఉర్దూ మాట్లాడుడే గాని చదువరాదు. మా ఆయన బొగ్గుబాయిల పని. క్వాటరు రెండర్రలు. పొద్దున లేస్తె గోడ మీద బొగ్గు, అన్నంల బొగ్గు, ఆరేసిన బట్టల మీద బొగ్గు. తెల్ల చీరె కట్టుకుందామని నాకు మస్తు ఆశ ఉండె, రెండు సార్లు కట్టి ఇడిసిపెట్టిన.

ఇగ మా అత్త. సకీనా బీ. బక్కపలుచగ ఉంటుండె, గొంతు మాత్రం... ఎట్ల చెప్పాలె, గట్టి గొంతు గాదు, తియ్యగ గూడ గాదు. జర బొంగురు. కాని ఆమె మొదలువెడితె పిల్లలకు పాలిచ్చే ఆడోల్లు గూడ కదలకపోదురు. మందమర్రిలనే గాదు, బెల్లంపల్లి నుంచి, మంచిర్యాల నుంచి గూడ పిలుస్తుండిరి. నేను ఆమె కోడలినని నాకు గూడ జర ఇజ్జతు. నేనేం పాడలే, ఆమె సంచి పట్టుకోని పోతుంటి అంతే.

ఆ సంచిల ఉంటుండె కితాబు. పచ్చ మఖ్మల్ బట్టల సుట్టి, మీద జరీ దారం. పోయినంక దాన్ని దిండు మీద పెడ్తుండె, బట్ట విప్పి, కండ్లకు అద్దుకోని, తెరిసి, ఏలు పెట్టి, ఆ ఏలు మెల్లగ జరుపుకుంట పాడుతుండె. అయినంక ఆడోల్లు వరుసగ వచ్చి కితాబును ముద్దు పెట్టుకుంటుండిరి. నేను గూడ పెట్టుకున్న. చాన సార్లు పెట్టుకున్న.

మా అత్తకు చదువు రాదు బిడ్డా. ఉర్దూల మొదటి అక్షరం అలీఫ్, గది గూడ ఏందో తెల్వది.

నవ్వకు. నాకు గూడ రెండేండ్లకు గాని తెల్వలే. ఎట్ల తెలిసిందంటె, మేం సిగ్డీల, అదే కుంపట్ల, పెట్టెతందుకు బొగ్గుపొడి, మట్టి కలిపి ముద్దలు చేస్తుంటిమి, వాకిట్ల కూసోని. ముద్దలు చేసుకుంట ఆమె ఏందో గుణుగుతుండె. ఒక్కటే మాట నాలుగు తీర్ల అంటుండె. ఒకనాడు “చిరాగ్” అన్నది, దీపం అని, కాదన్నట్టు తల ఊపింది, “ఉజాలా” అన్నది, వెలుగు అని. మల్ల నెలకు మిలాద్‌ల ఏలు జరుపుకుంట గదే మాట పాడింది, “ఉజాలా”. నేను ఇంటికి వచ్చినంక అడిగిన, “అమ్మీ, కితాబుల మాటలు మారుతయా?” అని.

ఆమె లేసి తలుపు దగ్గరికేసింది.

“ఎవలకన్న చెప్పినవంటె నిన్ను మీ అవ్వగారింటికి తోల్త” అన్నది.

“నువ్వే కట్టినవా అన్ని?”

“నేను కట్టిన అంటె ఎవ్వలింటరే? బాయి పనోని పెండ్లాం కట్టింది అంటె చాయ తాగుకుంట ఇంటరు. కితాబుల ఉన్నది అంటె లేసి నిలవడ్తరు.”

మరి ఆ కితాబు ఏంది? మా ఆయన ఉర్దూ నాలుగు చదివిండు, ఆయన్ను అడిగిన. ఆయన నవ్వుకుంట మంచం మీద పడ్డడు. మా అత్త వాల్ల బాపు నిజాం కాలంల రైలు గేటుకాడ పని చేసెటోడట. అది గేటోల్ల రూల్సు కితాబు! రైలు వచ్చేముందు గేటు ఎప్పుడు వెయ్యాలె, ఎర్ర జెండ ఎప్పుడు సూపాలె, మంచు పడితె ఏం చెయ్యాలె. దాన్ని మేం ముద్దు పెట్టుకున్నం. మా ఆయన అన్నడు, “పాపం ఏం గాదు, రైలు గుద్దకుంట కాపాడే కితాబే గదా” అని. ఆయనకు అన్నిట్ల నవ్వులాటే.

ఇగ అసలు సంగతికి వస్త. ఆ బొగ్గు నాత్.

మా మామ బాయిలనే పోయిండు. నేను రాకముందు. లోపట పైకప్పు కూలింది. ఇంటికి తెచ్చినప్పుడు గోర్లల్ల, చెవులల్ల బొగ్గు ఉండెనట. మా దాంట్ల మయ్యతుకు, అదే పీనుగుకు, తానం చేపిస్తరు గదా, ఎంత కడిగినా, ఎన్ని బిందెలు పోసినా గోర్లల్ల నుంచి పోలేదట. అట్లనే తీస్కపోయిండ్రు. మా అత్త ఏడ్వలేదని అందరు ఆశ్చర్యం పడ్డరట. ఆమె ఆర్నెల్లు మాట్లాడలే. తర్వాత నోట్లకెళ్ళి మొదలు వచ్చిన మాటలు గీ నాతేనట. ఇను, గట్టిగ పాడ, దగ్గు వస్తది:

*కాలే కోయిలే మే బైఠీ హూఁ, యా నబీ,*
*ఏక్ బూంద్ ఉజాలా ఇధర్ బీ డాలో.*

నల్ల బొగ్గుల నేను కూసున్న, ఓ నబీ, ఒక్క సుక్క వెలుగు ఇటు గూడ పొయ్యి. ఇగ ఆఖరుకు:

*గరీబ్ కా ఆంచల్ ధుల్తా నై,*
*అప్నీ రహమత్ మే ధో డాలో.*

గరీబుదాని కొంగు ఎంత ఉతికినా తెల్లగైతలేదు, నీ దయల ఉతుకు. గంతే. కష్టమైన మాట ఒక్కటి లేదు అండ్ల. నీకు గూడ అర్థమైంది గదా.

ఇట్లుండంగ మా దగ్గరికి ఒక పెద్ద ఆఫీసరు బదిలీ అయి వచ్చిండు. ఆయన పెండ్లాం నిఖత్ బేగం. హైద్రబాదుల చదివింది. ఉర్దూ మాట్లాడితె మాకు సగం సమజ్ గాకపోవు, ఆమె నోట్ల నుంచి ఖాఫ్ అనే అక్షరం అయితె గొంతులోపట ఎక్కడికెళ్ళో వచ్చేది. మంచిదే పాపం, మిఠాయి పంచేది, జబ్బు జేస్తె జీపు పంపేది. కాకపోతె ఏదన్నా తెల్వది అని అననీకె ఆమెకు రాకపోవు. అది ఒక్కటే.

ఆమె మొదటిసారి మా ఇంట్ల మా అత్త పాడిన నాత్ ఇన్నది. కొంగుతోని కండ్లు తుడుసుకున్నది. అయినంక అందర్ల అడిగింది, “సుభానల్లా! ఎవరు రాసిన కలాం ఇది?”

ఉర్దూల గజల్ కానీ నాత్ కానీ, రాసినోల్లు, శాయర్లు అంటరు, ఆఖరు మాటల తమ పేరు పెడ్తరు బిడ్డా. మా అత్తకు గది తెల్వది. ఏం చెప్పాలె? అంతల నిఖత్ బేగమే ఏలు పైకి లేపి, “అచ్ఛా అచ్ఛా! ఆఖర్ల గరీబ్ అని వచ్చింది గదా. గరీబ్ సాబ్! లక్నో శాయరు. ఆయన కితాబు మా పుట్టింట్ల ఉండె, నేను మొత్తం చదివిన!” అన్నది.

మా అత్త నన్ను సూసింది. నేను చాప సూసిన.

“హౌ... గాయనే” అన్నది మా అత్త.

అట్ల పుట్టిండు లక్నో గరీబు. మా వాకిట్ల, బొగ్గుముద్దల కాడ పుట్టాల్సినోడు, నలబై మంది ఆడోల్ల నడుమ పుట్టిండు. ఆ నాటి నుంచి మా వాడ ఆడోల్లు ఆయన గురించి ముచ్చట్లు పెట్టుడు సురూ. పెద్ద గడ్డం ఉండెనట. నవాబు కొలువు ఇడిసి ఫకీరైండట. ఒకామె అయితె వాల్ల తాత ఆయన్ను రైల్ల సూసిండని గూడ చెప్పింది.

ఇంక యాడాదికి, మొగోల్ల జలుసాకు నాత్‌ల చిన్న పుస్తకం అచ్చు ఎయ్యాలని మసీదు కమిటీ అనుకున్నది. రాతపని నిఖత్ బేగం మీద పెట్టిండ్రు. ఆమె కలం, కాయితాలు పట్టుకోని మా క్వాటరుకే వచ్చింది, మిలాద్ జరుగుతుండంగ, ఇల్లు నిండ ఆడోల్లు. మా అత్త నాత్ అయిపోంగనే అన్నది, “సకీనా ఆపా, గరీబ్ సాబ్ కితాబు ఒకసారి ఇయ్యుండ్రి. తప్పు పోకుంట సూసి రాసుకుంట.”

మా అత్త కితాబు మూసింది. “కాల్జేతులు కడుక్కోని వుజూ చేసుకోవాలె గదా” అన్నది.

“చేసుకోనే వచ్చిన.”

“ఇది జర పాతది, కాయితాలు చిరుగుతయి.”

“మెల్లగ తిప్పుత ఆపా.”

“రేపు పంపుత.”

“రేపు అచ్చుకు పోవాలె.”

ఆడోల్లందరు సూస్తుండ్రు. ఇయ్యకపోతె ఏమనుకుంటరు, నబీ సాబ్ పొగడ్తను దాసిపెట్టుకుంటదా అని అనుకుంటరు. మా అత్త కితాబుకు బట్ట సుట్టబోయింది, మల్ల విప్పింది. ఇగ అయిపోయింది, మందమర్రి ఇడిసి పోవుడే, అనుకున్న. ఇచ్చింది.

నిఖత్ బేగం కండ్లకు అద్దుకున్నది. అద్దాలు సర్దుకున్నది. తెరిసింది. ఒక కాయితం సదివింది. ఇంకొకటి తిప్పింది. మల్ల మొదటి కాయితానికి వచ్చింది. ఆమె మొకం ఎర్రగైంది, తర్వాత తెల్లగైంది. తలకాయ ఎత్తి మా అత్తను సూసింది. మా అత్త కండ్లు దించలే. దించుతె బాగుండు అని నేను అనుకుంటున్న, కాని దించలే.

ఇప్పుడు ఆలోచన చెయ్ బిడ్డా. ఇది రైలు కితాబు అని ఆమె ఒక్క మాట అంటె మా అత్త పని అయిపోయింది. కాని పోయినేడు గిదే ఇంట్ల, గిదే ఆడోల్ల ముంగట, గీ గరీబ్ సాబ్ కితాబు నేను మొత్తం చదివిన అన్నది ఎవ్వలు?

నిఖత్ బేగం మెల్లగ కితాబు మూసింది. ముద్దు పెట్టుకున్నది. “హౌ. గిదే కితాబు” అన్నది. “మా పుట్టింట్ల ఉన్నది గూడ గిదే.”

ఇద్దరు కలిసి చాయ తాగిండ్రు.

నాత్‌లు మా అత్త నోటితోని చెప్తుంటె రాసుకోని పోయింది. నేను ఊపిరి పీల్సుకున్న, గండం గడిసిందని. గడువలే.

జలుసా దినం పొద్దుమూకెటప్పుడు మేం బియ్యం ఏరుతున్నం. మసీదు మైకుల ఎవలో పిలగాడు, మంచి గొంతు, మొదలువెట్టిండు. మా అత్త చేతులు ఆగినయి. ఆమె మాటలు మైకుల! మందమర్రి మొత్తం ఇనవడ్తుంది. నేను ఆమె మొకం సూసిన, సంబురపడ్తదని. ఆ పిలగాడు ఏం పాడిండు?

*కాలీ కోయల్ బన్ బైఠా హూఁ, యా నబీ...*

నల్ల కోయిల లెక్క నేను కూసున్న, ఓ నబీ! కోయిలా అంటె బొగ్గు, కోయల్ అంటె పిట్ట. ఉర్దూ రాతల రెంటికి ఒక్క అక్షరమే తేడా అట. బొగ్గును పిట్టను చేసిండ్రు. బైఠీ అంటె కూసున్న ఆడిది, దాన్ని బైఠా అని మొగోన్ని చేసిండ్రు. తర్వాత మౌలానా లేసి అర్థం చెప్పిండు. మదీనా తోటల, మామిడి కొమ్మ మీద, గరీబ్ సాబ్ కోయిలై కూసున్నడట. మదీనాల మామిడి చెట్లు ఉంటయో లేవో నాకైతె తెల్వది. “గసొంటి శాయర్లు మల్ల పుట్టరు. గిప్పటి ఆడోల్లకు సీన్మ పాటలు తప్ప ఏమొస్తయి?” అన్నడు. గది కట్టిన ఆడామె నా పక్కకే చాట పట్టుకోని కూసున్నది.

ఆమె చాట కింద పెట్టింది. నిలవడ్డది. “నడువ్” అన్నది.

ఆఫీసర్ల బంగళాలు మా క్వాటర్లకు దూరం. ఆమె అంత ఏగిరం నడుసుడు నేను సూడలే, నేను ఉరుకుకుంట పోయిన. నిఖత్ బేగం తలుపు తీసింది. సోఫల కూసోమన్నది. మా అత్త కూసోలే, ఆమె నిలవడ్డకాడ్నే నిలవడ్డది. “పేరు నీ గరీబుకే ఉంచుకో” అన్నది. “నాకు పేరు అక్కెర లేదు. నా బొగ్గు నాకియ్యి.”

నిఖత్ బేగం అద్దాలు తీసి కొంగుతోని తుడిసింది. తర్వాత, “లక్నోల బొగ్గుబాయిలు లెవ్వు గదా ఆపా” అన్నది. మెల్లగ. “లక్నో శాయరు అని నేనే అన్న. మల్ల ఆయన బొగ్గుల కూసున్నడని ఎట్ల రాయాలె? ఎవలన్న అడిగితె? అందుకే...”

“మా ఆయన గోర్లల్ల బొగ్గు పోలే” అన్నది మా అత్త. “ఎన్ని బిందెలు పోసినా పోలే. గట్లనే మట్టిల పెట్టిండ్రు. గది బొగ్గు. పిట్ట గాదు.”

గంతే అన్నది. నిఖత్ బేగం సోఫల కూసోని రెండు చేతులల్ల మొకం పెట్టుకున్నది. ఏడ్సింది. మా అత్త పోయి ఆమె నెత్తి మీద చెయ్యి పెట్టింది. ఎవలు ఎవలికి తప్పు చేసిండ్రో, ఎవలు ఎవల్ని ఓదార్చిండ్రో... నేను ద్వారం కాడ నిలవడి సూస్తున్న, చెప్పులు గూడ ఇడువలే.

ఇగ నిజం చెప్తదేమో అనుకున్న. చెప్పలే బిడ్డా! మల్ల ఏడు ఆడోల్ల మిలాద్‌ల ఆమె నిలవడి ఏమన్నదో ఎరుకనా? “నేను లక్నోకు ఉత్తరం రాసిన. గరీబ్ సాబ్ సొంత చేతిరాత దొరికిందట. అండ్ల కోయిలే అనే ఉన్నది, కోయల్ తప్పు” అన్నది. అబద్ధం మీద ఇంకొక అబద్ధం. కాని దాంతోని మా బొగ్గు మాకు వచ్చింది. ఆడోల్లందరు “సుభానల్లా” అన్నరు, ఆనాటి నుంచి బొగ్గే పాడుతుండ్రు. “బైఠీ” గూడ వచ్చింది, ఎట్ల వచ్చిందంటె గరీబ్ సాబ్ ఒక ఆడిదాని తరుపున రాసిండట, పెద్ద శాయర్లు అట్ల రాస్తరట. నిఖత్ బేగం చెప్పింది గదా, ఇగ అడిగెటోల్లెవ్వలు? మొగోల్ల పుస్తకం మాత్రం అచ్చయిపోయింది, అండ్ల పిట్టనే. ఇప్పటికి మైకుల పిట్టనే అరుస్తది. మొన్న మా మన్మడు ఫోన్ల సూపిండు, ఎక్కడో పిలగాడు పాడుతుండు, ఎనుకకు తోట, పూలు, నిజం కోయిల కూత గూడ పెట్టిండ్రు.

నిఖత్ బేగం వాల్లు మల్ల బదిలీ అయి పోయిండ్రు. పోయేనాడు మా అత్తతోని అరగంట కూసున్నది సిగ్డీ కాడ, ఒంటి మీది తెల్ల చీరెతోనే. లేసినప్పుడు చీరె ఎనుక నల్లగైంది. నేను చెప్దామంటె మా అత్త సైగ చేసింది, చెప్పకు అని.

ఆమె పోయినంక మా అత్త నాతోని, “నువ్వు రాయి” అన్నది. “నాకు ఉర్దూ రాదు అమ్మీ” అన్న. “నీకొచ్చిన దాంట్లనే రాయి. బొగ్గు, బొగ్గు లెక్క కనవడితె సాలు.” పొడుగు నోటుబుక్కుల తెలుగుల రాసిన. ఇరవై ఆరు నాత్‌లు. ఇరవై ఆరా... ఏడా? ఒకటి సగం ఉన్నది. మాటలు ఉర్దూ, అక్షరాలు తెలుగు. మొదట్ల ఒకరిద్దరు ముసలోల్లు మూతి ముడిసిండ్రు, నబీ సాబ్ పేరు తెలుగు అక్షరాలల్లనా అని. ఇప్పుడు వాల్ల మన్మరాండ్లే వచ్చి ఫోటో తీస్కపోతుండ్రు. వాల్లు ఇంగ్లీషు బడి, వాల్లకు ఏ రాతా సక్కగ రాదు, అది వేరే సంగతి.

మా అత్త ఆఖరు రెండేండ్లు అన్ని యాది మర్సింది బిడ్డా. నన్ను వాల్ల అక్క అనుకునేది. మా ఆయన్ను సూసి ఎవలీ ముసలోడు, లోపటికి ఎట్ల వచ్చిండు అనేది. ఆఖరు మిలాద్‌కు ఎటు తోల్కపోలే. పగటీలి ఆమె మంచం పక్కకు కూసోని నేనే నోటుబుక్కు తీసి సదివిన. నాకు రాగం రాదు, ఉన్నది ఉన్నట్టు సదివిన, కాలే కోయిలే మే బైఠీ హూఁ. కండ్లు మూసుకోని ఇన్నది. ఏలు దుప్పటి మీద మెల్లగ జరుపుతుంది.

అయినంక కండ్లు తెరిసి, “ఎవలు రాసిండ్రే గిది? గుండెల కూసున్నది” అన్నది.

“నువ్వే అమ్మీ” అన్న.

ఆమె నవ్వింది. పండ్లు లెవ్వు, మంచిగ నవ్వింది. “ఛల్” అన్నది. “నాకు రాయరాదు.”

...

ఆ ఫోను బందు చెయ్ బిడ్డా, ఇగ సాలు. చదువుకో మంచిగ. అల్లా నీకు మంచి గొంతు ఇయ్యాలె, ఇనెటోల్లను గూడ ఇయ్యాలె. పైలంగ పో, మెట్టు కాడ తడి ఉన్నది, ఇప్పుడే కడిగిన...